దైకిచిని అప్పగించిన రోజు

"ఆ బటన్ మీంచి వేలు తియ్యి ముందు!"

నేను అరిచిన అరుపుకి, కుర్చీలో కూచుని జుట్టుకి రంగు వేయించుకుంటున్న ఓనుమా గారి భార్య ఉలిక్కిపడింది. నా చేతిలో బ్రష్ జారి ఆవిడ చెవి సగం నల్లబడింది. పాపం, ఆవిడ తప్పేం లేదు. తప్పంతా మా అమ్మాయిది. పేరు ఉత. బీరువా అడుగునున్న నా పాత గేము మిషను లాగి, బ్యాటరీలు వేసి, దర్జాగా గుమ్మంలో కూచుంది. తెర మీద రెండే మాటలు కనిపిస్తున్నాయి. ఒకటి 'కొనసాగించు'. రెండోది 'మొదటి నుంచి'. దాని బొటనవేలు సరిగ్గా ఆ రెండో దాని మీదుంది.

"ఎందుకమ్మా అంత గోల? పాత గేమే కదా. మొదటి నుంచి ఆడుకుంటా."

"ఆ క్యాసెట్‌లో ఒక్క ఆటకే చోటుంటుందే. నువ్వు కొత్తది ఆడి సేవ్ చేశావంటే పాతది తుడిచిపెట్టుకుపోతుంది."

"పోతే పోనీ. నువ్వు ఆడవుగా?"

"అది నాది కాదే తల్లీ!"

"నీ పేరే ఉంది వెనకాల. 'కయో' అని రాసుంది చూడు."

"క్యాసెట్ నాదే. లోపలున్న దైకిచి నాది కాదు."

ఓనుమా గారి భార్య చెవి తుడుచుకుంటూ, "దైకిచి అంటే ఎవరు కయోసాన్, మీ మామగారా?" అంది.

"రాకాసండీ" అన్నాను. ఇంకేం చెప్పను? మిషను లాక్కుని ఆపేసి, ఏప్రన్ జేబులో వేసుకున్నాను. పరుల సొమ్ము పాము వంటిదని ఊరికే అన్నారా? పాతికేళ్ళుగా ఆ పాము నా ఇంట్లో ఉంది.

మా చిన్నప్పుడు ఈ ఉత్తరపు దీవిలో, మా మురోరాన్ ఊళ్ళో పిల్లలందరికీ ఆ రాకాసుల ఆట పిచ్చి. పొదల్లో తిరిగి పిల్లరాకాసుల్ని పట్టుకోవాలి, పేర్లు పెట్టాలి, పోట్లాటలకి పంపి పెద్ద చెయ్యాలి. ఆట మొదట్లోనే ఒక ముసలాయన మూడు పిల్లల్ని చూపించి ఒకదాన్నే ఏరుకోమంటాడు. మిగతా రెండూ ఇక ఈ జన్మకి దొరకవు. అవి కావాలంటే ఆట మొత్తం చెరిపేసి మొదటి నుంచి మొదలెట్టడం ఒక్కటే దారి. మరి ఇన్నాళ్ళూ పెంచుకున్నవేం కావాలి? అందుకని మేమంతా ఒకటే పని చేసేవాళ్ళం. ప్రాణంగా పెంచుకున్న రాకాసిని, రెండు మిషన్లకీ కేబుల్ కలిపి, స్నేహితురాలి క్యాసెట్‌లోకి పంపేసేవాళ్ళం. అటునుంచి బదులుగా ఏదో ఒకటి రావాలి కాబట్టి పనికిమాలిన ఎలుక లాంటిది ఒకటి వచ్చేది. మన ఆట చెరిపేసి, కొత్తది మొదలెట్టి, మొదటి ఊరు దాటాక మన రాకాసిని మనం వెనక్కి తెచ్చుకోవడం. ఇంటికి సున్నం వేసేటప్పుడు బిందెలు పక్కింట్లో పెట్టినట్టే అనుకోండి.

హోనామి నాతో ఐదో తరగతి చదివింది. కొండ మీద ఉక్కు ఫ్యాక్టరీ వాళ్ళ క్వార్టర్స్‌లో ఉండేవాళ్ళు. ఆ చలికాలం వాళ్ళ నాన్న నడుం పట్టేసి మూడు నెలలు ఇంట్లోనే పడుకున్నాడు. మనిషి మాట్లాడేది తక్కువ. పిల్ల స్కూలుకి వెళ్ళగానే దాని మిషను తీసుకుని, దుప్పట్లో దూరి, దైకిచిని పెంచేవాడు. బురదరంగు, గుండ్రటి పొట్ట, నెత్తిన ఒక్క కొమ్ము. ఆ పేరు పెట్టింది కూడా ఆయనే. తాతల కాలం నాటి పేరని మేం పగలబడి నవ్వితే, "అదృష్టం ఉన్న పేరు, నవ్వకండి" అనేవాడు. హోనామి స్కూల్నించి రాగానే "ఇవాళ రెండు లెవెళ్ళు పెరిగాడు" అని చెప్పేవాడట. ఆయన తనతో మాట్లాడింది ఎక్కువగా ఆ ఒక్క మాటేనని హోనామి ఓసారి నాతో అంది.

దైకిచి తొంభయ్యో లెవెల్ దాటాక ఇక ఆటలో చెయ్యడానికేం మిగల్లేదు. మార్చిలో ఒక శనివారం హోనామి వాణ్ణి నా దగ్గర దాచి, ఆట చెరిపేసి, మొదటి నుంచి మొదలెట్టింది. వారంలో వెనక్కి తీసుకుంటానంది. మార్చి నెలాఖరంటే మా ఊళ్ళో అందరికీ తెలిసిందే. కంపెనీ నుంచి బదిలీ ఆర్డరు వచ్చిందంటే పది రోజుల్లో సామాన్లు లారీ ఎక్కాల్సిందే. ఆ వారమే వాళ్ళ నాన్నకి దూరంగా చిబా వైపు బదిలీ వచ్చింది. నాకేమో సరిగ్గా అప్పుడే ఫ్లూ జ్వరం. మా అమ్మ ఎవర్నీ గడప తొక్కనివ్వలేదు. లారీ వచ్చిన రోజు హోనామి మా కిటికీ కింద నిలబడి, "కయోచాన్! దైకిచిని జాగ్రత్తగా చూసుకో! నేనొచ్చి తీసుకెళ్తా!" అని అరిచింది. నేను కిటికీ అద్దానికి ముఖం ఆనించి చెయ్యూపాను. అంతే, దాన్ని చూడ్డం అదే ఆఖరు.

రాలేదు. ఆ ఏడు చలికాలం మొదట్లో వాళ్ళ నాన్న పోయాడని ఎవరో మా అమ్మతో అన్నారు. నేను పంపిన కొత్త సంవత్సరం కార్డు, ఆ చిరునామాలో ఎవరూ లేరని వెనక్కొచ్చింది. తర్వాత వెతకలేదా అంటే, వెతికాను. ఫోన్లొచ్చాక ఆ పేరు కొట్టి కొట్టి చూశాను. ఇంటిపేరు ఎన్నిసార్లు మారిందో ఏమో, ఎవరికి తెలుసు? ఏటా మార్చిలో మిషను తీసి, దైకిచి ఉన్నాడని చూసుకుని, మళ్ళీ బీరువాలో పెట్టేదాన్ని. నాకూ కొత్తగా ఆడుకోవాలని ఎన్నిసార్లనిపించిందో! ఒక్కసారీ ఆడలేదు.

ఉత చేసిన నిర్వాకం చెప్తే మా ఆయన అన్నం తింటూ తాపీగా ఇంకో బాంబు పేల్చాడు. "ఆ క్యాసెట్ల లోపల గుండ్రటి బ్యాటరీ ఒకటుంటుంది. అది అయిపోయిందంటే సేవ్ చేసినదంతా గోవిందా. ఇన్నేళ్ళు వచ్చిందంటేనే గొప్ప."

"ఎప్పుడు అయిపోతుంది?"

"చెప్పా పెట్టకుండా పోతుంది. ఇవాళ కావచ్చు, వచ్చే ఏడు కావచ్చు."

"ఇంత చల్లగా చెప్తావేంటయ్యా!"

"నేను పెట్టానా దాని లోపల బ్యాటరీ?" అని ఇంకో ముద్ద పెట్టుకున్నాడు.

ఆ రోజు నుంచి నాకు ఒకటే బెంగ. హోనామి వచ్చేలోపు వాడు పోతే ఏ మొహం పెట్టుకుని చెప్పను? వాళ్ళ నాన్న మూడు నెలలు మంచాన పడి పెంచినవాడు కదా. ఆయన చేతి పని ఈ భూమ్మీద ఇంకెక్కడా లేదు.

అదే సమయంలో మా స్కూలు మూసేస్తున్నారని కబురొచ్చింది. పిల్లలే లేరు, అంతా కలిపి పదకొండు మంది. మార్చి చివరి శనివారం వీడ్కోలు సభ, పాత విద్యార్థులంతా రావాలని ఫోన్లో ఒక గ్రూపు పెట్టారు. నేనందులో రాశాను: 'ఐదో తరగతి హోనామి ఎవరికైనా తెలుసా? దాని దైకిచి నా దగ్గరే ఉన్నాడు. క్యాసెట్ బ్యాటరీ ఏ క్షణాన పోతుందో తెలీదు. వచ్చి తీసుకెళ్ళమనండి. పార్లర్ కయో.'

ఇక చూడండి, మగవెధవలు ఒక్కొక్కడూ జోకులే. 'దైకిచి అంటే మొగుడా?' 'ఇన్నాళ్ళు దాచుకుని ఇప్పుడు ఇస్తున్నావా కయో?' చేప కొట్టు తెత్సురో అయితే, 'బ్యాటరీతో నడిచే మొగుడా, మాకూ చెప్పు' అన్నాడు. వాణ్ణి నాలుగు తిట్టి ఫోను బోర్లా పెట్టేశాను.

మూడోరోజు తెలియని పేరుతో ఒక మెసేజ్ వచ్చింది. 'దైకిచి ఉన్నాడా ఇంకా?'

వెంటనే జవాబు కొట్టాను. 'ఉన్నాడు. తొంభై మూడో లెవెల్. నువ్వెలా ఇచ్చావో అలాగే ఉన్నాడు.'

చాలాసేపటికి జవాబు వచ్చింది. 'వస్తున్నా.'

సభ రోజు పెద్ద గాలి. వ్యాయామశాలలో స్టవ్వులు మండుతున్నా పాదాలు గడ్డకట్టిపోతున్నాయి. హెడ్మాస్టరు గారు ఏం మాట్లాడారో, పిల్లలు ఏం పాడారో నాకు ఒక్క ముక్క తెలీదు. తువాల్లో చుట్టిన మిషను, కేబుల్, కొత్త బ్యాటరీలు ఒళ్ళో పెట్టుకుని తలుపు వైపే చూస్తున్నాను. స్కూలు పాట ఆఖరి చరణంలో ఒక బక్కపలచటి ఆడమనిషి లోపలికొచ్చి గోడ పక్కన నిలబడింది. కళ్ళు చూడగానే పోల్చుకున్నాను. పాతికేళ్ళ తర్వాత నా నోట్లోంచి వచ్చిన మొదటి మాట ఇదీ: "ఎవరే నీ జుట్టు ఇలా చెడగొట్టింది?"

"నేనే కత్తిరించుకున్నా" అంది హోనామి.

"తెలుస్తూనే ఉంది."

అది నవ్వింది. నవ్వుతూనే నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

అందరూ ఫోటోలకి ఎగబడుతుంటే మేం ఐదో తరగతి గదిలోకి వెళ్ళి, ఆ చిన్న కుర్చీల్లో మోకాళ్ళు గడ్డానికి తగిలేలా కూచున్నాం. హోనామి సంచిలోంచి తన మిషను తీసింది, క్యాసెట్ తీసింది. వెనకాల వాళ్ళ నాన్న చేతిరాతలో దాని పేరుంది. సెందాయ్‌లో స్కూలు పిల్లలకి భోజనం వండే వంటశాలలో పనిచేస్తోందట. పెళ్ళయింది, విడిపోయింది, ఒక్కతే ఉంటోంది. అవన్నీ వరసగా, బస్సు స్టాపుల పేర్లు చదివినట్టు చెప్పేసింది.

"ఒక సంగతి కయోచాన్. నా దాంట్లో బ్యాటరీ ఎప్పుడో చచ్చిపోయింది. సేవ్ అవ్వదు. మిషను ఆపేదాకా ఆడొచ్చు, ఆపితే అంతా పోతుంది."

"మరి దైకిచిని ఎందులో పట్టుకెళ్తావే?"

"ముందు ఒకసారి చూడనీ" అంది.

నేను ఇచ్చిన కొత్త బ్యాటరీలు వేసి, మిషను ఆన్ చేసింది. దాని తెర మీద 'కొనసాగించు' అన్నది లేనే లేదు. 'మొదటి నుంచి' ఒక్కటే ఉంది. హోనామి అదే నొక్కింది. ముసలాయన వచ్చాడు. పేరు అడిగాడు. 'హోనామి' అని కొట్టింది. మూడు పిల్లల్లోంచి ఒకదాన్ని తీసుకుంది. కేబుల్ పెట్టాలంటే మొదటి ఊరు దాటాలి కదా, ముప్పావుగంట పట్టింది. ఆ ముప్పావుగంటా నేను పక్కన కూచుని, "అటు కాదే, ఎడమకి వెళ్ళు, ఆ పొదల్లోకి దూరకు" అని సతాయిస్తూనే ఉన్నాను. మధ్యలో అది తెర మీంచి కళ్ళు తీయకుండా చెప్పింది. "నాన్న పోయిన రోజు నేను స్కూల్లో ఉన్నా. ఫోనొచ్చింది. టీచరు కారులో తీసుకెళ్ళింది. వెళ్ళేసరికి అయిపోయింది. అమ్మ కూడా పనిలో ఉంది. పక్కన ఎవరూ లేరు."

"ఆ వంతెన దాటు" అన్నాను.

కేబుల్ కలిపాం. హోనామి తను అప్పుడే పట్టిన పురుగొకటి ఇటు పంపింది. నేను దైకిచిని అటు పంపాను. నా తెర మీద వాడు చిన్న బంతిలోకి దూరి, గొట్టంలోంచి దొర్లుకుంటూ పోయాడు. హోనామి తెర మీదికి వచ్చి, పొట్ట ఊపుతూ నిలబడ్డాడు.

"లావయ్యాడు" అంది.

"నేనేం మేపలేదు. అప్పుడూ అంతే ఉన్నాడు."

దాని కళ్ళు నిండిపోయాయి. వెంటనే పొదల్లోకి వెళ్ళి, ఎదురొచ్చిన ఒక పిట్టమీదికి దైకిచిని వదిలింది. 'కుమ్ము' అని నొక్కింది. 'దైకిచి వినిపించుకోవడం లేదు' అని వచ్చింది తెర మీద. మళ్ళీ నొక్కింది. 'దైకిచి నిద్రపోతున్నాడు.' ఇంకోసారి నొక్కింది. 'దైకిచి అటు తిరిగాడు.' బొటనవేలంత పిట్ట పొడుస్తుంటే తొంభై మూడో లెవెల్ రాకాసి అటు తిరిగి నిలబడ్డాడు.

"వీడికేమైందే?"

చెప్పక తప్పలేదు. "ఆటలో పతకాలు గెలవని వాళ్ళ దగ్గర పరాయి రాకాసులు మాట వినవు. నా దగ్గర అన్ని పతకాలూ ఉన్నాయి, అందుకని నా మాట వినేవాడు."

"పరాయి ఏంటి? వీడు నావాడే కదా. యజమాని పేరు చూడు, హోనామి అని ఉంది."

"పేరు అదే. కింద నంబర్ ఉంది చూడు. అది వేరు. ఆట మొదటి నుంచి మొదలెట్టిన ప్రతిసారీ మనకి కొత్త నంబర్ ఇస్తుంది. వాడికి తెలిసిన హోనామి వేరు."

అది ఆ నంబర్ చదువుకుంది. తర్వాత ఇంకోసారి నొక్కింది, ఇంకోసారి నొక్కింది. దైకిచి మళ్ళీ పడుకున్నాడు. ఉన్నట్టుండి ఫక్కున నవ్వింది. "నాన్న కూడా ఇంతే తెలుసా? నడుం నొప్పి ఎక్కువైన రోజు, లే నాన్నా అంటే ఇలాగే గోడకి తిరిగి పడుకునేవాడు." నవ్వుతూ నవ్వుతూ ఏడుపులోకి దిగిపోయింది. నేను తువాలిచ్చాను. పార్లర్ తువాలు, కొంచెం రంగు వాసన వేస్తోంది. అది దాంట్లోనే ముఖం దాచుకుంది.

నాలుగింటికి దాని రైలు. నేను లేచి, "ఇటు పంపు ఇక" అన్నాను, "నా దాంట్లో ఇంకా బ్యాటరీ ఉంది. సప్పొరోలో ఎవరో లోపలిది పోకుండా బ్యాటరీ మారుస్తారట, మా ఆయన కనుక్కున్నాడు. మార్పించి ఉంచుతా. నువ్వు మంచి క్యాసెట్ ఒకటి కొనుక్కుని తీరిగ్గా వచ్చి తీసుకెళ్ళు."

హోనామి కేబుల్ ఊడబీకి, చుట్టి, నా చేతిలో పెట్టింది. "వద్దు కయోచాన్."

"వద్దేంటి?"

"ఇలాగే తీసుకెళ్తా."

"నీకేమైనా మతిపోయిందా? మిషనులో బ్యాటరీలు రేపు పొద్దుటికి అయిపోతాయే! అవి మార్చాలంటే ఆపాలి. ఆపితే వాడు పోతాడు!"

"తెలుసు."

అప్పుడు నాకు ఒళ్ళు మండింది. "పాతికేళ్ళు కాపలా కాశానే వాడికి! మా పిల్లని ముట్టుకోనివ్వలేదు, నేను ఆడుకోలేదు! ఇంత చేసి నీ చేతిలో పెడితే, ఒక్కరోజులో చంపుకుంటానంటావా?"

అది గొంతు పెంచలేదు. "నువ్వు కాపాడబట్టే ఇవాళ చూడగలిగాను. ఎన్ని బ్యాటరీలు మారుస్తావు? నువ్వు దాస్తావు, నేను వస్తానంటాను, మళ్ళీ రాలేను. వాడు ఎప్పుడో ఒకప్పుడు ఎవరూ చూడనప్పుడు పోతాడు. నాన్న అలాగే పోయాడు. ఈసారి నేను పక్కన ఉండాలి. నన్ను గుర్తుపట్టకపోయినా ఫర్వాలేదు."

నేను దాని చేతిలోంచి మిషను అందుకుని, పక్కనున్న చక్రం తిప్పి సౌండు పూర్తిగా తగ్గించాను. "ఇలా ఉంచు. ఇంకో గంటైనా ఎక్కువొస్తుంది" అన్నాను.

స్టేషన్ పక్కన నిలబడి, నిప్పుల మీద కాల్చిన యాకితోరి చెరో రెండు పుల్లలు తిన్నాం. పంది మాంసం, ఉల్లిపాయ, పైన ఘాటు ఆవాల ముద్ద. హోనామి ఒక చేత్తో తింటూ రెండో చేత్తో మిషను పట్టుకునే ఉంది. "మన ఊరి యాకితోరి రుచి ఇంకెక్కడా రాదే" అంది. "ఇంకో రెండు తిను, బక్కగా చచ్చావు" అన్నాను. తింది. రైలొచ్చింది. ఎక్కి, కిటికీ పక్కన కూచుని, మిషను అద్దానికి ఆనించి చూపించింది. అది ఆన్‌లో ఉందని చెప్పే ఎర్ర దీపం వెలుగుతూనే ఉంది. రైలు సముద్రం కింద సొరంగంలోంచి వెళ్తుంది కదా, దైకిచి మొట్టమొదటిసారి ఈ దీవి దాటుతున్నాడు. ఆ మాట చెప్దామనుకునేలోపే రైలు కదిలిపోయింది.

ప్లాట్‌ఫారం మీద గాలిలో నిలబడి అప్పుడు తెలుసుకున్నాను నా బాధేమిటో. హోనామి వస్తువు నా దగ్గర ఉన్నన్నాళ్ళూ, అది ఎక్కడున్నా ఎప్పటికైనా నా గుమ్మంలోకి వచ్చి తీరాలని నాకు ధైర్యంగా ఉండేది. ఏటా మార్చిలో మిషను తీసి చూసుకున్నది దైకిచి కోసం కాదు. ఇప్పుడు అప్పగించేశాను. ఇక అది రావాల్సిన పని లేదు. ఏం చెప్పి పిలవను? ఇలా జరుగుతుందని తెలిస్తే ఆ మెసేజ్ పెట్టేదాన్ని కాదేమో. అంత మాట ఎలా అనుకున్నానా అని నన్ను నేనే తిట్టుకుంటూ ఇంటికి నడిచాను.

మర్నాడు ఆదివారం, పార్లర్‌లో రద్దీ. ఓనుమా గారి పెద్దకోడలు తల తొట్టిలో పెట్టుకుని వెనక్కి వాలి ఉంది, నా చేతుల నిండా నురగ. ఫోను మోగింది. మోచేత్తో నొక్కి చూశాను. హోనామి మెసేజ్.

'ఇందాకే ఆరిపోయాడు. చివరిదాకా నా మాట ఒక్కటీ వినలేదు. దిండు మీద పెట్టుకుని పక్కనే పడుకున్నా.'

నీళ్ళు కట్టేశాను. "ఏమైంది కయోసాన్?" అంది తొట్టిలోంచి ఆవిడ. "ఏం లేదండీ, ఒక్క నిమిషం, కళ్ళు తెరవకండి, నురగ పడుతుంది" అని చెప్పి, లోపలి గదిలోకి వెళ్ళి తలుపు దగ్గరికి వేసుకుని, నోటికి తువాలు అడ్డం పెట్టుకుని ఏడ్చాను.